ముందు రసీదు, ఆ తర్వాతే రిట్టు

ఒంగోలు,
ఆదివారం.

చిరంజీవి అమ్మడికి,


నువ్వు పంపిన రిట్ డ్రాఫ్టు చదివాను. ఆ కుటుంబం కష్టం కళ్లకు కట్టేలా రాశావు. యానాది పిల్లవాడు ఇంటర్ పాసై, ఈఏపీసెట్‌లో ర్యాంకు తెచ్చుకుని, కులం కాయితం లేక సీటు పోగొట్టుకుంటాడేమోనన్న నీ ఆత్రం ప్రతి పేరాలోనూ కనపడింది. కానీ నాలుగో పేరాలో, పిటిషనర్ ఫలానా తేదీన ఫలానా అధికారికి దరఖాస్తు చేసుకున్నాడని రాయాల్సిన చోట తేదీకి బదులు చుక్కలు పెట్టి వదిలేశావు. ఫోన్ చేసి అడిగితే, "ఇంకా పెట్టలేదత్తా, పెట్టినా ఇవ్వరట, అందుకే నేరుగా కోర్టుకే వెళ్దామనుకుంటున్నాం" అన్నావు. ఆ చుక్కల చోట ఒక తేదీ, ఒక నంబరు పడేదాకా ఆ రిట్టు వేయొద్దు తల్లీ. ఎందుకో ఫోన్లో చెబితే సగం గాలికి పోతుంది. అందుకని రాస్తున్నాను.

కోర్టు ఏం చేయగలదో ముందు చూద్దాం. 226వ అధికరణం కింద హైకోర్టుకు చాలా అధికారం ఉంది. అయితే నువ్వు అడగబోతున్నది, అధికారి తన పని చేయడం లేదు, చేయమని ఆదేశించండి అని, అంటే మాండమస్. చేయలేదన్న మాట నిలబడాలంటే ముందు ఆ పని అతని బల్ల మీదికి రావాలి. కుల ధ్రువీకరణ పత్రాల కోసమే మనకు 1993లో ప్రత్యేకంగా చట్టం వచ్చింది, ఆ ఏడాది 16వ నంబరు చట్టం. విభజన తర్వాత తెలంగాణలోనూ అదే నడుస్తోంది. దాని కింద 1997 మే 12న 58వ నంబరు జీవోతో నిబంధనలు వచ్చాయి. రెండూ పక్కపక్కన పెట్టుకుని చదువు. పత్రం కావలసిన మనిషి దరఖాస్తు పెట్టుకోవాలి. తాను ఫలానా కులం వాడినని చూపించే భారం ఆ మనిషి మీదే ఉంటుంది. అధికారి విచారించి ఇవ్వాలి, లేదా కాదనాలి. కాదంటే 30 రోజుల్లో అప్పీలు చేసుకోవచ్చు. మొత్తం కథ దరఖాస్తుతోనే మొదలవుతుంది. అది లేనప్పుడు అధికారి తప్పు చేశాడని చెప్పడానికి నీ చేతిలో ఏముంది?

ఇది ఇవాళ కొత్తగా పుట్టిన అడ్డంకి కాదు. చక్కెర ధరల మీద మిల్లుల వాళ్లు వేసిన సరస్వతీ ఇండస్ట్రియల్ సిండికేట్ కేసులో 1974లోనే సుప్రీంకోర్టు ఈ సంగతి తేల్చింది. అధికారిని ముందు అడగాలి, అతను కాదనాలి, మాండమస్ మాట ఆ తర్వాతే. నీ సీనియర్ గారి గదిలో ఆ తీర్పు ఉంటుంది, తీసి చూడు. అడ్మిషన్ స్టేజీలోనే గవర్నమెంట్ ప్లీడర్ లేచి, "మా ఆఫీసుకు అసలు దరఖాస్తే రాలేదు" అంటే నీ దగ్గర జవాబు లేదు. జడ్జిగారికి జాలి లేక కాదు, అడగని పనిని చేయలేదని ఎవరినీ తప్పు పట్టలేరు కనక.

సరే, జడ్జిగారు దయ తలిచారనే అనుకుందాం. అప్పుడు వచ్చే ఆర్డరు ఎలా ఉంటుందో నాకు బాగా తెలుసు. తాసిల్దారు ఆఫీసులో ఉన్నన్నాళ్లూ అలాంటి ఆర్డర్లకు ఫైళ్లు తెరిచినదాన్ని. "పిటిషనర్ దరఖాస్తు చేసుకుంటే, చట్టప్రకారం పరిశీలించి ఇన్ని వారాల్లో తగిన ఉత్తర్వులివ్వండి" అని ఉంటుంది. అంటే మళ్లీ అదే గ్రామ సచివాలయం, అదే కౌంటరు, అదే వీఆర్వో. మధ్యలో రిట్టు తయారవడానికి, నంబరు పడడానికి, లిస్టులోకి రావడానికి, ఆర్డరు కాపీ చేతికి అందడానికి పట్టిన రోజులన్నీ ఆ పిల్లవాడి కౌన్సెలింగ్ ఖాతాలోంచి పోతాయి. మీసేవలో ఈ పత్రానికి పెట్టిన గడువే 30 రోజులు. ఎప్పుడో పెట్టిన దరఖాస్తయితే కోర్టు ఇచ్చే వారాలు అతనికి అదనపు బలం. పెట్టని దరఖాస్తయితే ఆ వారాలు ఉత్త నష్టం.

"పరిశీలించండి" అన్న ఆర్డరుకు ఎంత బలముందో కూడా నువ్వు తెలుసుకోవాలి. 2006లో మన ఏపీఎస్ఆర్టీసీ కేసులోనే సుప్రీంకోర్టు దాని గురించి విడమరిచి చెప్పింది. పరిశీలించమంటే అధికారి బుద్ధిపెట్టి చూసి నిర్ణయించమని అర్థం, హక్కు ఉందని కోర్టు తేల్చినట్టు కాదు. ఆ తండ్రికి ఇది ముందే చెప్పు. హైకోర్టు ఆర్డరు కాగితం చేతిలో పెట్టుకుని, కొడుక్కి సర్టిఫికెట్ వచ్చేసినట్టే అనుకుని ఊరంతా చూపించుకునే తండ్రుల్ని చూశాను. తర్వాత ఆఫీసులో "విచారణ జరగాలి, ఆగండి" అంటే వాళ్ల ముఖాలు ఎలా మారిపోయేవో నాకిప్పటికీ గుర్తే.

ఇక అసలు విషయానికి వస్తాను. ఇది లా కాలేజీలో చెప్పరు.

దరఖాస్తు అంటే కోర్టుకు వెళ్లే ముందు ముగించుకోవలసిన తంతు అని నువ్వనుకుంటున్నావు. నీ డ్రాఫ్టు ధోరణి అలాగే ఉంది. నిజానికి ఆ పిల్లవాడిని జీవితాంతం కాపాడేది ఆ దరఖాస్తుతో తెరుచుకునే ఫైలే. అది ఎలా నడుస్తుందో చెబుతాను. సచివాలయంలోనో మీసేవలోనో ఎక్కించగానే నంబరు పడుతుంది. వీఆర్వో ఆ వాడకు వెళ్లాలి. ఇరుగుపొరుగును, ఆ కులం పెద్దల్ని, ఇతర కులాల వాళ్లను కూడా అడగాలి. వాళ్ల వాంగ్మూలాలు రాసుకుని సంతకాలో వేలిముద్రలో తీసుకుని పంచనామా కట్టాలి. బడికి వెళ్లి అడ్మిషన్ రిజిస్టర్లో కులం గడి ఏం చెబుతోందో చూడాలి. ఆర్ఐ దాన్ని సరిచూసి పైకి పంపాలి. ఆ పైన డిప్యూటీ తాసిల్దారు, తాసిల్దారు, అవసరమైతే ఆర్డీఓ. ఇంతమంది చూసి పెట్టిన సంతకాలున్న ఫైలు ఆఫీసు రికార్డులో మిగులుతుంది.

ఎందుకింత నొక్కి చెబుతున్నానంటే, కులం పత్రం మీద యుద్ధం అది చేతికొచ్చిన రోజున మొదలవదు. పదిహేనేళ్లకో ఇరవయ్యేళ్లకో, ఉద్యోగం వచ్చాక, ప్రమోషన్ దగ్గర పడ్డాక, గిట్టనివాడెవడో జిల్లా కలెక్టరుకు అర్జీ పెడతాడు, ఇతను నిజమైన ఎస్టీ కాదని. 1993 చట్టమే కలెక్టరుకు విచారించి రద్దు చేసే అధికారం ఇచ్చింది. జిల్లా స్థాయి పరిశీలన కమిటీ ముందుకు నోటీసు ఇచ్చి పిలుస్తారు. అప్పుడు అడిగే మొదటి ప్రశ్న, "ఈ పత్రం ఏ విచారణ మీద ఇచ్చారు?" అనే. పంచనామా, వాంగ్మూలాలు, బడి రికార్డు నకలు ఉన్న ఫైలు దొరికితే ఆ మనిషి నిలబడతాడు. కోర్టు ఆర్డరొచ్చిందని కంగారుపడి రెండు రోజుల్లో ఎవరినీ అడగకుండా ఇచ్చేసిన పత్రమైతే, దాని వెనకాల చూపించడానికి ఏమీ ఉండదు. 2017లో ఫుడ్ కార్పొరేషన్ కేసులో సుప్రీంకోర్టు ముగ్గురు జడ్జీల ధర్మాసనం గట్టిగానే చెప్పింది. కులం దావా చెల్లదని తేలితే దానితో వచ్చిన సీటూ ఉద్యోగమూ నిలవవు, చాలా ఏళ్లు పనిచేశానన్న మాట కాపాడదు. ఆ తీర్పు దొంగ పత్రాలను ఉద్దేశించింది, నాకు అందులో పేచీ లేదు. గిరిజనుడి సీటు ఎత్తుకుపోయినవాడు తిరిగి ఇవ్వాల్సిందే. కానీ నిజమైన యానాది పిల్లవాడు, కాగితాల్లో లోటు వల్ల దొంగల వరసలో నిలబడే పరిస్థితి రాకూడదు కదా. అతనికి ఈ రోజు చక్కటి విచారణ జరిపించడం నువ్వు చేయగలిగిన పెద్ద సాయం.

అసలు ఈ పరిశీలన కమిటీల పద్ధతికి మూలం 1994 నాటి మాధురీ పాటిల్ తీర్పు. మహారాష్ట్రలో మహదేవ్ కోలి తెగ పేరు చెప్పి వైద్య విద్య సీట్లు కోరిన అక్కాచెల్లెళ్ల కేసు అది. పాత రికార్డుల్లో వేరే కోలి కులం అని బయటపడింది. అందులో సుప్రీంకోర్టు పెట్టిన మార్గదర్శకాల్లో ఒకటి నీ కేసుకు కూడా పనికొస్తుంది: పత్రం సరిచూడమనే దరఖాస్తు కాలేజీలో చేరడానికో ఉద్యోగానికో కనీసం ఆరు నెలల ముందే పెట్టుకోవాలని. ముప్పై ఏళ్లు దాటింది. ఇప్పటికీ మన పల్లెల్లో కౌన్సెలింగ్ తేదీ పేపర్లో వచ్చాకే పిల్లలు తాసిల్దారు ఆఫీసు ముందు వరస కడతారు. తప్పు వాళ్లదని నేననను. వాళ్లకు ఎవరూ చెప్పలేదు. తొమ్మిదో తరగతిలోనే ప్రతి బడిలోనూ ఈ మాట చెప్పి దరఖాస్తులు రాయించాల్సింది.

ఇక ఆ తండ్రిని "మీ ఇంట్లో ఎవరికైనా ఇచ్చిన సర్టిఫికెట్ తెండి" అని పంపించేశారన్నావు. అది విని నాకు కోపం వచ్చింది. మొదటి తరం చదువుకున్న పిల్లవాడి ఇంట్లో సర్టిఫికెట్ ఎలా ఉంటుంది? రొయ్యల చెరువుల దగ్గర కాపలాకో, బాతులు మేపడానికో, పొలాల్లో ఎలకలు పట్టడానికో తిరిగే కుటుంబంలో ఎవరికి అవసరం పడింది కనక? ఇంట్లో వాళ్ల పత్రం ఉంటే పని తేలిక, అంతే. అది లేకపోతే దరఖాస్తు తీసుకోం అనే హక్కు ఏ కౌంటరుకూ లేదు. అయితే కౌంటరు దగ్గర వాదించి లాభం లేదు, వాళ్లు అడిగినదానికి బదులుగా ఏం పెట్టగలమో చూసుకోవాలి.

ఆ పిల్లవాడు ఏ బడిలో ఒకటో తరగతిలో చేరాడో ఆ బడికి నువ్వే వెళ్లు. అడ్మిషన్ రిజిస్టర్లో అతని పేరు ఎదురుగా యానాది అని ఉంటే, హెడ్మాస్టరు సంతకంతో నకలు తీసుకో. పన్నెండేళ్ల కిందట, ఏ లాభమూ ఎదురుచూడకుండా రాసిన రాత అది. విచారణలో దానికి చాలా విలువ. టీసీలో, స్టడీ సర్టిఫికెట్లో కులం స్పెల్లింగు ఎలా ఉందో చూడు. ఒకచోట యానాది, ఇంకోచోట ఎస్టీ అని మాత్రమే, మరోచోట ఖాళీ ఉంటుంది. తేడా ఉంటే ఇప్పుడే గుర్తుపెట్టుకుని దరఖాస్తులోనే వివరణ రాయించు. తర్వాత వాళ్ల పెదనాన్న పిల్లలెవరికైనా, తండ్రి వైపు మేనత్తల్లో ఎవరికైనా, ఎక్కడో ఒక పత్రం వచ్చి ఉంటుందేమో కనుక్కో. సొంత ఇంట్లోనే ఉండాలని లేదు, రక్తసంబంధం చూపించే వంశవృక్షం రాసి పెడితే దగ్గరి బంధువు పత్రం కూడా పనికొస్తుంది. ఇంటి స్థలం పట్టా యానాది కాలనీలో ఇచ్చి ఉంటే ఆ పట్టా, రేషన్ కార్డు, ఉపాధి హామీ జాబ్ కార్డు పెట్టు. నెల్లూరులో యానాదుల కోసమే నడిచే ఐటీడీఏ ఉంది, ఆ కుటుంబానికి దానినుంచి ఎప్పుడైనా రుణమో వలో పడవో అంది ఉంటే ఆ కాగితం బంగారం.

1950కి ముందు కాగితం ఉంటే దానికున్నంత విలువ మరి దేనికీ లేదని సుప్రీంకోర్టు చాలాసార్లు చెప్పింది. పేదవాళ్ల దగ్గర అలాంటివి ఉండవు. ఎరుకల వాళ్లయితే ఒక్కోసారి ఉంటాయి. స్టువర్టుపురం, కప్పరాళ్లతిప్ప లాంటి సెటిల్‌మెంట్లలో వాళ్ల తాతలను నేరస్థ జాతులని ముద్ర వేసి, కదలికలన్నీ రాసిన రోజులున్నాయి. మనుషుల్ని అవమానించడానికి రాసిన రాతలు మనవల హక్కుకు రుజువుగా నిలుస్తుంటే నాకు మనసు కలుక్కుమంటుంది, కానీ దొరికితే వదలొద్దంటాను. యానాదుల గురించి వెన్నెలకంటి రాఘవయ్య గారు జీవితమంతా పనిచేసి పుస్తకం రాశారు. వాళ్ల ఆచారాలు తెలుసుకోవడానికి అది చదువు. ఫైల్లో పెట్టడానికి మాత్రం కాదు. పుస్తకం తెగ గురించి చెబుతుంది, ఈ పిల్లవాడు ఆ తెగవాడని చెప్పదు. ఆచారాలు అడిగి తెగను నిర్ణయించే పరీక్ష కూడా తిరుగులేనిది కాదని 2023లో సుప్రీంకోర్టు చెప్పింది. పట్నంలో పెరిగిన పిల్లవాడు కులదేవత పేరు చెప్పలేకపోతే ఎస్టీ కాకుండా పోడు.

ఎవరికి దరఖాస్తు పెట్టాలన్నది ఇంకో ముఖ్యమైన సంగతి. కొన్ని కులాలకు, తెగలకు తాసిల్దారు ఇస్తాడు, కొన్నిటికి ఆర్డీఓ. నిబంధనల్లో చూసుకో. రిట్టులో రెస్పాండెంటుగా తప్పు అధికారిని పెడితే, ఎంత మంచి వాదనైనా వాయిదాకే పోతుంది. ఆ తండ్రి ఇప్పుడు చెరువుల దగ్గర వేరే మండలంలో ఉంటున్నాడన్నావు. దరఖాస్తు సొంత ఊరి వైపే పెట్టించు, విచారణకు తెలిసినవాళ్లు దొరికేది అక్కడే. రాష్ట్రం దాటితే లెక్క పూర్తిగా వేరు. తెనాలిలో పుట్టి, తండ్రి ఉద్యోగం వల్ల చిన్నప్పుడే బొంబాయికి వెళ్లిన మర్రి చంద్రశేఖరరావు అనే విద్యార్థి అక్కడ మెడికల్ కాలేజీలో ఎస్టీ సీటు కోరితే, 1990లో సుప్రీంకోర్టు కాదంది. ఆంధ్రప్రదేశ్‌లో ఎస్టీ అయినంత మాత్రాన మహారాష్ట్రలో కాడని.

దరఖాస్తే తీసుకోకపోతే? అది జరుగుతుంది, జరగదని నేను బుకాయించను. "రేపు రా, సర్వర్ డౌను, సారు లేరు" అని తిప్పే ఆఫీసులు ఉన్నాయి. చదువు రానివాడు గడప ఎక్కడానికే భయపడేలా కసిరే గుమాస్తాలూ ఉన్నారు. ముందు అడిగి రండి అనే నిబంధన, అడగనివ్వని చోట అన్యాయంగానే కనపడుతుంది. దానికి ఉన్న మందు పోస్టాఫీసు. నిర్ణీత నమూనాలో దరఖాస్తు నింపించి, జత చేసిన కాగితాలన్నీ వరసగా రాసి, స్పీడ్ పోస్టులో తాసిల్దారుకూ ఆర్డీఓకూ పంపించు. డెలివరీ అయినట్టు ఆన్‌లైన్ ట్రాకింగ్ ప్రింటు తీసిపెట్టుకో. తీసుకోకుండా తిప్పి పంపితే ఆ కవరు మీద పోస్టుమాన్ రాసిన రాతే తిరస్కరణకు సాక్ష్యం, దాన్ని విప్పకుండా దాచు. సోమవారం కలెక్టరేట్‌లో ప్రజా సమస్యల పరిష్కార వేదిక జరుగుతుంది, తెలంగాణలోనైతే ప్రజావాణి. అక్కడ అర్జీ ఇస్తే కంప్యూటర్ రసీదు ఇస్తారు. పెట్టిన దరఖాస్తు ఎవరి దగ్గర ఆగిందో తెలియకపోతే సమాచార హక్కు కింద అడుగు, తెల్ల కార్డు వాళ్లకు రుసుము కూడా లేదు. ఇవేవీ ఆ పిల్లవాడికి భారమైన పనులు కావు. ప్రతి ఒక్కటీ నీ రిట్టుకు ఒక ఎగ్జిబిట్ అవుతుంది.

ఇంత చెప్పినంత మాత్రాన కోర్టుకు వెళ్లనే వద్దంటున్నానని అనుకోకు. నేను ఆఫీసులో పనిచేసినా, ఆఫీసును కోర్టు అడగకపోతే పేదవాడి పని కదలదని నాకు తెలుసు. గడువు దాటినా ఉలుకూ పలుకూ లేకపోతే వెంటనే వేయి. ఒక్క రోజు కూడా ఆగొద్దు. కారణం లేకుండా "తిరస్కరించడమైనది" అని ఒక్క ముక్క ఎండార్స్‌మెంట్ ఇస్తే వేయి. నోటీసైనా ఇవ్వకుండా ఉన్న పత్రాన్ని రద్దు చేస్తే, అప్పీలు ఉన్నా సరే నేరుగా వెళ్లొచ్చు. సహజ న్యాయం తప్పినప్పుడు, అధికారం లేనివాడు ఉత్తర్వు ఇచ్చినప్పుడు, ప్రాథమిక హక్కు దెబ్బతిన్నప్పుడు, చట్టాన్నే సవాలు చేసినప్పుడు వేరే దారి ఉందన్న కారణంతో హైకోర్టు తలుపు మూసుకోదని 1998 వర్ల్‌పూల్ కేసు తీర్పు. ఈ తెగకు పత్రాలివ్వొద్దని పైనుంచి రాతపూర్వకంగా సర్క్యులరే వచ్చి ఉంటే, అడిగినా కాదంటారని తెలిసిపోయినట్టే. అక్కడ దరఖాస్తు కోసం ఆగక్కరలేదని వాదించవచ్చు. నీ కేసులో అలాంటిదేమీ లేదు. కౌంటరు దగ్గర ఎవరో నోటితో అన్న మాటను సర్క్యులరుతో సమానం చేయకు.

నీ దగ్గరికి రేపు ఇంకో రకం వాళ్లు కూడా వస్తారు, మా కులం పేరు పట్టికలో లేదు కానీ ఫలానా కులమూ మేమూ ఒకటే, అలా అని కోర్టు చెప్పాలి అంటారు. వాళ్లకు దరఖాస్తూ పనిచేయదు, రిట్టూ పనిచేయదు. రాష్ట్రపతి ఉత్తర్వులోని పట్టికను ఉన్నది ఉన్నట్టు చదవాలి, కలపడానికీ తీసేయడానికీ పార్లమెంటుకే అధికారం అని 2000లో మిలింద్ కేసులో రాజ్యాంగ ధర్మాసనం చెప్పింది. ఫీజు తీసుకోకముందే ఆ మాట చెప్పు.

డ్రాఫ్టులో ఒక వాక్యం మాత్రం తప్పకుండా కొట్టేయాలి. "పిటిషనర్ అనేక పర్యాయములు మౌఖికముగా విన్నవించుకున్నప్పటికీ" అనే అర్థంలో ఇంగ్లీషులో రాశావు. ఎన్నిసార్లు, ఎవరికి, ఎప్పుడు? ఆ తండ్రి సచివాలయానికి వెళ్లింది ఒక్కసారని నువ్వే చెప్పావు. ఆ అఫిడవిట్ మీద ప్రమాణం చేసేది ఆ పిల్లవాడు. అబద్ధం బయటపడితే కోర్టు తప్పు పట్టేది అతన్నే. నిజం దాచినవాడికి రిట్టు అందదని మీ బార్‌లో చిన్న జూనియర్‌కి కూడా తెలుసు. పద్దెనిమిదేళ్ల పిల్లవాడి చేత, అతనికి రాని భాషలో అబద్ధం మీద సంతకం పెట్టించడం నీ చేతుల మీదుగా జరగకూడదు. సంతకానికి ముందు ప్రతి పేరా తెలుగులో చదివి వినిపించు.

దరఖాస్తు పెట్టి, గడువు గడిచాక కూడా కదలిక లేకపోతే రిట్టు వేసినప్పుడు ప్రేయర్ ఇలా మార్చు. పత్రం ఇప్పించమని అడగకు. ఫలానా తేదీ, ఫలానా నంబరు దరఖాస్తు మీద ఇన్ని రోజుల్లో నిర్ణయం తీసుకోమని అడుగు. దానితోపాటు, ఈలోగా కౌన్సెలింగ్‌లో ఎస్టీ కేటగిరీ కింద తాత్కాలికంగా పాల్గొననివ్వమని, తుది ఫలితానికి లోబడి ఉంటుందని మధ్యంతర ఉత్తర్వు కోరు, కన్వీనర్‌ను కూడా పార్టీ చేయి. దరఖాస్తు పెండింగులో ఉందని రుజువున్నప్పుడు ఇలాంటి మధ్యంతర ఉత్తర్వు దొరికే అవకాశం ఉంటుంది. ఉత్త చేతులతో వెళితే అడగడానికే మొహం చెల్లదు. మొదటి విడత కౌన్సెలింగ్ దాటిపోయినా తర్వాతి విడతకైనా ఆ ఉత్తర్వు అందుతుంది.

ఖర్చు మాట ఎత్తావు. ఆ తండ్రి దగ్గర రూపాయి తీసుకోవద్దు, నీ సీనియర్ గారికి ఇబ్బందీ పెట్టొద్దు. 1987 న్యాయ సేవల చట్టం 12వ సెక్షన్ ప్రకారం ఎస్సీ, ఎస్టీల వాళ్లకు, ఆడవాళ్లకు, పిల్లలకు ఆదాయంతో నిమిత్తం లేకుండా ఉచిత న్యాయ సహాయం అందాలి. జిల్లా న్యాయ సేవాధికార సంస్థలో కానీ హైకోర్టు కమిటీలో కానీ అర్జీ పెడితే లాయరును వాళ్లే ఇస్తారు. 15100కి ఫోన్ చేసినా చాలు. ఊళ్లో "పదిరోజుల్లో హైకోర్టు ఆర్డరు తెప్పిస్తా" అని ఆ తండ్రి దగ్గర అడ్వాన్సు అడిగిన పెద్దమనిషి సంగతి కూడా అతనికి వివరంగా చెప్పు. ఆ డబ్బు పిల్లవాడి హాస్టలుకు పనికొస్తుంది.

రేపు సోమవారం. పొద్దున్నే ఆ తండ్రీకొడుకుల్ని వెంటబెట్టుకుని బడికి వెళ్లి అడ్మిషన్ రిజిస్టరు నకలు తీసుకో, అక్కడినుంచే సచివాలయానికి వెళ్లి దరఖాస్తు ఎక్కించు. రసీదు నంబరు నాకు ఫోటో తీసి పంపు. ఆ మండలం ఆర్ఐ నాకు తెలిసినమ్మాయే, అయినా ఫోన్ చేయను. చేస్తే అదే రేపు ఆ ఫైలుకు మచ్చ అవుతుంది. వీఆర్వో వాడకు వచ్చే రోజున మాత్రం ఆ కులం పెద్దల్ని పనిమానుకునైనా ఇళ్ల దగ్గర ఉండమను. ఎవరూ లేరని రాసి వెళ్లిపోతే ఇంకో పది రోజులు పోతాయి.

ఆ పిల్లవాడికి తొమ్మిదో తరగతి చదివే చెల్లెలు ఉందన్నావు కదా, అన్నతో పాటు అదే రోజు ఆమెకూ దరఖాస్తు పెట్టించు, ఒకే విచారణలో ఇద్దరిదీ అయిపోతుంది.

ఆశీస్సులతో,
మీ అత్త